జ్వరం లేని ఇంట్లో డబుల్ రొట్టె

నా చిన్నప్పుడు కురవి దగ్గరి మా ఊళ్లో ఎవరింట్లోనైనా డబుల్ రొట్టె, అదే ఇప్పటి బ్రెడ్డు, కనిపించిందంటే ఆ ఇంట్లో ఎవరో మంచం పట్టారని అర్థం. జ్వరమొస్తే డాక్టరు పాలూ రొట్టే పెట్టమనేవాడు. ఒంట్లో బాగున్నవాళ్లు దాన్ని ముట్టుకోగా నేను చూడలేదు. పిల్లలకైతే జ్వరం కన్నా ఆ చప్పిడి రొట్టె అంటేనే భయం.

మా పక్కింట్లో ఒక అక్క అద్దెకుండేది. కాజీపేట రైల్వే క్వార్టర్లలో పెరిగిన మనిషి. ఆమె భర్త లారీ డ్రైవరు, బయల్దేరాడంటే మళ్లీ ఎప్పుడొస్తాడో ఆయనకే తెలియదు. అక్క చీరకట్టూ మాటతీరూ చూసి మా వాడ ఆడవాళ్లు ఆమెను పెద్దింటి బిడ్డ అనుకున్నారు. ఎదురుపడితే నవ్వేవారు కానీ ఆమె గడప తొక్కేవారు కాదు. పిలవని ఇంటికి ఎలా పోవాలని ఆమె కూడా లోపలే ఉండిపోయేది. మా అమ్మ పొలం నుంచి వచ్చేదాకా ఆ ఇంటి అరుగు మీద కూర్చునేది నేనొక్కదాన్నే.

బతుకమ్మ పండగ వెళ్లిపోయి సీతాఫలాలు పండే రోజులవి. ఒక మధ్యాహ్నం లోపలికి తొంగిచూస్తే, అక్క ముందు పీట మీద డబుల్ రొట్టె! ఏమిటని కూడా అడగకుండా వాడంతా పరుగెత్తి, అక్కకు పెద్ద జ్వరమొచ్చిందని చెప్పేశాను. రాత్రి కురిసిన వానకు ఆ రోజు పొలాల్లో అరకలు కట్టలేదు కాబట్టి అందరూ ఇళ్ల దగ్గరే ఉన్నారు. కాసేపటికి అక్క ఇల్లు నిండిపోయింది. ఒకామె గంజి తెచ్చింది. ఇంకొకామె ఉప్పూ మిరపకాయలూ పట్టుకొచ్చి దిష్టి తీసింది. ఎదురింటి అవ్వ అక్క నుదుటి మీద చెయ్యి పెట్టింది.

"సల్లగనే ఉన్నది కద బిడ్డా! ఏమైంది?"

"జరం లేదవ్వా, మంచిగనే ఉన్న," అంది అక్క. ఆ తర్వాత ఒక్కసారిగా ఏడ్చేసింది. "ఈ ఊరికొచ్చిన కాన్నుంచి నన్నెవ్వలు గిట్ల ముట్టుకోలే."

అక్కే కళ్లు తుడుచుకుని అందరినీ కూర్చోబెట్టి చాయ్ పెట్టింది. చిన్నప్పుడు వాళ్ల పక్క క్వార్టర్లో ఉండే ఆంగ్లో ఇండియన్ దొరసానమ్మ సాయంత్రం చాయ్‌లోకి రొట్టె ముక్కల మధ్య వెన్నా కీర దోసకాయా పెట్టిచ్చేదట. అక్క దోసకాయ బదులు సీతాఫలం పెట్టేది. గింజలన్నీ ఓపికగా తీసేసి, ఆ గుజ్జులో కాస్త మిరియాల పొడీ శొంఠీ కలిపి, వెన్న రాసిన ముక్కల మధ్య సర్ది, ఐమూలగా కోసేది. మాకేం రోగమొచ్చిందని రొట్టె తింటామంటూ మొదట అందరూ నవ్వారు. అవ్వ ఒక ముక్క నోట్లో వేసుకుంది. ముందు తియ్యగా, ఆ వెనకే గొంతులో ఘాటుగా తగిలిందేమో, వెంటనే ఇంకో ముక్కకు చెయ్యి చాపింది. ఇక పళ్లెం ఖాళీ అయ్యేదాకా ఎవరూ లేవలేదు.

మర్నాడు నేను వెళ్లేసరికి అక్క మళ్లీ గింజలు తీస్తోంది. పెద్ద పళ్లెం నిండా రొట్టె ముక్కలు. చాయ్ గ్లాసులన్నీ కడిగి వరసగా పెట్టింది. పొద్దు వాలేదాకా ఇద్దరం వాకిలి వైపే చూస్తూ కూర్చున్నాం. ఎవరూ రాలేదు. తప్పు ఎవరిదీ కాదు, పొలం పనులు అలాంటివి. అక్కకు జ్వరం లేదని కూడా అందరికీ తెలిసిపోయింది కదా. అక్క నా చేతిలో ఒక ముక్క పెట్టి, "మంచిగున్నోళ్ల దగ్గరికి ఎవ్వలొస్తరు చెల్లె?" అంది. కొన్నాళ్లకే వాళ్లు ఊరు మారిపోయారు. అక్కను మళ్లీ చూడలేదు.

ఇప్పుడు నేను జనగామలో ఒక్కదాన్నే ఉంటున్నాను. మా ఆయన పోయినప్పుడు కర్మకాండ అయ్యేదాకా ఇల్లంతా జనమే. ఆ తర్వాత ఎవరి పనుల్లో వాళ్లు పడిపోయారు. మధ్యాహ్నాలు ఎంతకీ గడవవు. గోడ గడియారం చప్పుడు వినలేక టీవీ పెట్టుకుంటాను. మేడ మీద గదిలో ఉద్యోగం కోసం ఈ ఊరొచ్చిన అమ్మాయి ఒక్కతే ఉంటోంది. మెట్ల మీద ఎదురైతే నవ్వుకుంటాం, అంతే.

మొన్న ఆదివారం సంతలో సీతాఫలాలు కనిపించాయి. చూపు సరిగా ఆనకపోయినా చేత్తో తడుముకుంటూ గింజలన్నీ తీశాను. మిరియాలు దంచి, అక్క చేసినట్టే చేసి, మెల్లగా మెట్లెక్కి తలుపు తట్టాను. ఆ అమ్మాయి నన్నూ నా చేతిలోని పళ్లేన్నీ చూసి కంగారు పడింది.

"ఏమైంది ఆంటీ? ఒంట్లో మంచిగలేదా?"

"మంచిగనే ఉన్న బిడ్డా," అన్నాను. "నువ్వు గూడ మంచిగనే ఉన్నవ్ కద. గందుకే వచ్చిన."