పోయినాయన నవ్వాల్సిన నవ్వు

మా తమ్ముడికి సినిమాల్లో మొట్టమొదట పేరు తెచ్చింది మెట్లకింద చచ్చిపోయే కాపలావాడి వేషం. అది ఊరికే రాలేదు. ఏళ్ళ తరబడి గుంపులో నిలబడి, వెనక వరసలో తల ఊపి, ఎండకు కాళ్ళు బొబ్బలెక్కాక వచ్చింది. ఉన్నదొక్కటే మాట: "తలుపు వేశాను బాబూ." ఆ మాట అని కళ్ళు మూశాడు. హాల్లో జనం ముక్కులు చీదడం నేను చెవులారా విన్నాను.

ఆ తర్వాత వాడు వెయ్యని వేషం లేదు. జడ్జీ వేశాడు, తాగుబోతు వేశాడు. హీరోలకు తండ్రయ్యాడు, ఆ హీరోల కొడుకులకు తాతయ్యాడు. గుర్రం ఎక్కడం రాకపోయినా సేనాపతి వేసి పతకం తెచ్చుకున్నాడు. అయితే వాడి అసలు సొత్తు చావే. కత్తి దిగి, జ్వరం ముదిరి, కుర్చీలో కూర్చున్నవాడు కూర్చున్నట్టే, వాడు పోయినన్ని రకాలుగా ఎవరూ పోలేదు. వీధిలో పిల్లలు వాణ్ణి చూస్తే "పోయినాయన వస్తున్నాడురోయ్!" అని కేకలేసేవాళ్ళు. వాడు నిలబడి, తల వాల్చి, వాళ్ళ ముందు ఒకసారి పోయి చూపించి మరీ ఇంట్లోకి వచ్చేవాడు.

సినిమావాళ్ళలో ఒక పట్టింపు ఉంది. చచ్చినట్టు నటించినవాడు లేచి, కెమెరా వంక చూసి నవ్వాలి. ఆ నవ్వునూ తియ్యాలి. సినిమాలో పెట్టరు కానీ, అది తియ్యందే ప్యాకప్ చెప్పరు. చావు సీను ఉన్న రోజు మా మరదలు గుమ్మానికి అడ్డంగా నిలబడేది.

"నవ్వారా?"

"నవ్వానే తల్లీ, పళ్ళన్నీ కనబడేట్టు నవ్వాను."

"ఉన్న పళ్ళెన్నని!" అంటూ అప్పుడు దారి ఇచ్చేది.

పోయిన నెల ఒక తాత వేషంలో, మంచం మీద పోయాడు. చూస్తూ ఉండిపోయి డైరెక్టరు కట్ చెప్పడం మరిచిపోయాడట. చెప్పాక వాడు లేచి నవ్వబోతుంటే గాలివానకు కరెంటు పోయింది. ఎంతసేపు చూసినా రాలేదు. "రేపు ముందు ఆ నవ్వే తీద్దాం" అన్నారు. ఇంటికొచ్చాడు. మరదలు అడిగింది. తెరమీద ఎన్ని అబద్ధాలాడినా ఇంట్లో ఆడలేనివాడు, నేలచూపులు చూశాడు. ఆవిడ పక్కకు తప్పుకుంది. తెల్లారేసరికి వాడికి గుండెపోటు వచ్చింది.

పట్నంలో పెద్దాసుపత్రికి తీసుకెళ్ళాం. గుండె కోసి బాగుచేశారు. స్పృహ రాగానే, "అన్నయ్యా, ఆ సెట్లో మంచం తీసేశారా?" అన్నాడు.

నేను రైలెక్కి వెనక్కొచ్చి ప్రొడ్యూసరు దగ్గరికి వెళ్ళాను. సెట్టు గోడలు అప్పటికే విప్పి నేలమీద పడుకోబెట్టారు.

"పెద్దాయనా, చావు బ్రహ్మాండంగా వచ్చింది. ఆ నవ్వు సినిమాలో ఉండదు కదా?" అన్నాడాయన.

"సినిమాలో ఉండదు బాబూ, మా ఇంట్లో ఉంటుంది. మా మరదలు ఆసుపత్రి వరండాలో ముద్ద ముట్టకుండా కూర్చుంది."

"ఈ స్టూడియో ఫ్లోరు రేపట్నుంచి వేరేవాళ్ళది. నన్నేం చెయ్యమంటారు?"

నిచ్చెన మీదున్న కెమెరామన్ దిగకుండానే అందుకున్నాడు. "గోడలు తీసుకుపోండి సార్. మంచం, దుప్పటి, ఒక్క లైటు మూలనుంటే ఎవరికి అడ్డం? ఆయన నవ్వందే ఈ సినిమా అయిపోయిందని నేననను."

ప్రొడ్యూసరు తల గోక్కున్నాడు. "సరే, వస్తే తీద్దాం."

"వస్తే ఏంటి సార్? వచ్చాక అనండి."

"వచ్చాకే తీద్దాం లేవయ్యా!"

ఈ మాట చెప్పాక మా మరదలు గ్లాసుడు పాలు తాగింది. "ముందు ఇంటికి కాదు బావగారూ. స్టేషన్నుంచి నేరుగా అక్కడికే. నవ్వాకే గుమ్మం తొక్కాలి" అంది.

తమ్ముడు ఇప్పుడు కుట్లు కదలకుండా దిండు గుండెకు అదుముకుని, అద్దంలో నవ్వు నేర్చుకుంటున్నాడు. ఇంకా పెదవుల దాకానే వచ్చింది. కళ్ళలోకి రావాలి. వస్తుంది. వాడు పట్టిన వేషం వదిలిందెప్పుడు?

డాక్టరు నిన్న ప్రయాణానికి తేదీ చెప్పాడు. వచ్చే నెల పదకొండు, బుధవారం, పొద్దుటి బండికి.