మా చేను మీద గీసిన వంక

మా నాయన సర్వేలో భూమి కొలిచే గొలుసు లాగేవాడు. అంతకు ముందు ఆయన తాతదీ అదే పని. తెల్లదొరలు దేశమంతా కొలిచి పటాలు గీయించిన రోజుల్లో ఆ ముత్తాత ఆళ్లగడ్డ చుట్టుపక్కల గుట్టలెక్కి జెండా పట్టుకుని నిలబడేవాడట. దొర కింద నుంచి దుర్భిణిలో చూసి రాసుకునేవాడు. పటం మీద దొర సంతకం మిగిలింది. మాకు ఊరి బయట ఎకరన్నర చేను మిగిలింది. కలుపు తీసీ తీసీ మా అమ్మ నడుము అక్కడే వంగిపోయింది.

ఈమధ్య భూముల రీసర్వే వచ్చింది. డ్రోన్ ఎగిరింది. ఊళ్లో అంటించిన జాబితాలో మా చేను లేదు. నేను నంద్యాలలో టీచర్ని. నాయనను వెంటబెట్టుకుని అక్కడి సర్వే ఆఫీసుకు పోయాను. సర్వేయరు మర్యాదగానే కూర్చోబెట్టి పాత పటం పరిచాడు. మా చేను ఉన్నచోట రెండు వంకర గీతలున్నాయి.

"ఈడ వంక పోరంబోకు అని ఉంది పెద్దాయనా. సర్కారు భూమి. పాతదాంట్లో ఎట్లుంటే కొత్తదాంట్లోనూ అట్లే వస్తాది."

వాననీళ్లు పోయే ఆ వంక పారింది మా చేనులో కాదు, పక్కనున్న పెద్దరైతు పొలంలో. ఆ కుటుంబం దాన్ని ఎప్పుడో పూడ్చి అరటి పెట్టింది. భూమి కొలిచిన రోజున ఆ ఇంటి పెద్దా, కరణమూ దొర పక్కనే నిలబడ్డారు. మా ముత్తాత గుట్ట మీద ఉన్నాడు.

నేను వాదించాను. నాయన పటం వైపు చూడనైనా చూడలేదు. తిరుగు బస్సులో అడిగాను.

"నీకు ముందే తెల్సా నాయనా?"

"తెల్సు. వయసులో ఉన్నప్పుడు హద్దురాళ్లు సరిచూసేకి పోయినాం. అప్పుడే పటంలో చూసినా."

"మరి యాడా చెప్పలేదే?"

"చెప్తే గొలుసు ఇంకొకని చేతికిస్తారు. అప్పుడు నువ్వు నంద్యాల హాస్టల్లో చదువుతాంటివి."

ఆళ్లగడ్డ వచ్చేదాకా నేను కిటికీలోంచి బయటికే చూశాను.

నెల తిరక్కుండా మా చేనులో సర్కారు కొత్త హద్దురాయి పాతారు. కూలీలు దాన్ని ఒక పక్కకు ఒరిగేలా నిలబెట్టారు. నాయన చూసి ఊరుకోలేకపోయాడు. గడ్డపార తీసుకుని రాయిని నిటారుగా సర్ది, చుట్టూ మన్ను వేసి కాలితో తొక్కాడు. అది చూసి అమ్మ ఇంటికి వెళ్లిపోయింది.

మూడు అర్జీలు పెట్టాను. మూడింటికీ ఒకటే జవాబు, పాత పటం ప్రకారమే అని. నాలుగోది రాయడానికి కూర్చుంటే నాయన ఎదురుగా వచ్చి కూర్చున్నాడు. సర్వే నంబరు ఏ వరసలో రాయాలో చెప్పబోయాడు. నేను కాగితం తీసుకుని లోపలికి పోయాను.