సీట్లు నిండని ఆట

మొన్న సింగపూరు రాఫెల్స్ ప్లేస్‌లో మా ఆఫీసు లిఫ్టు ఎక్కితే, నా పక్కన నిలబడ్డ ఒక పెద్దాయన చొక్కా జేబులోంచి చిన్న సీసా తీసి, పసుపు మూత తిప్పి, రెండు చుక్కలు కణతలకి రాసుకున్నాడు. కర్పూరమూ పుదీనా కలిసిన ఆ తలనొప్పి నూనె ఘాటు లిఫ్టంతా నిండింది. నాకు నలభై దాటాయి, ఒక పిల్లవాడి తల్లిని, బ్యాంకులో నా మాట వినేవాళ్ళు పదిమంది దాకా ఉన్నారు. అయినా ఆ వాసన ముక్కుకి తగలగానే నా అంతస్తు రాకుండానే దిగిపోయి, గోడకి ఆనుకుని కాసేపు నిలబడ్డాను. ఆ వాసన మా తాతది. దానితో వచ్చే భయం మాత్రం నా సొంతం, తొమ్మిదేళ్ళ వయసులో పట్టుకున్నది ఇంకా వదల్లేదు.

అప్పుడు మేం బూన్ లేలో పదో అంతస్తు ఫ్లాట్‌లో ఉండేవాళ్ళం. మా ముత్తాత ఎప్పుడో శ్రీకాకుళం వైపు నుంచి మలయ్ దేశంలోని పేరాక్‌లో రబ్బరు తోటలకి వచ్చినవాడు, తాత ఆ తోటలోనే పుట్టి, అక్కడే రబ్బరు పాలు గీసి, అక్కడి తోట జట్టుకి ఇరవై ఏళ్ళు గోల్‌కీపరుగా నిలబడ్డవాడు. నాన్న ఓడల యార్డులో పని కోసం సింగపూరు వచ్చాక, నాయనమ్మ పోయిన ఏడాది, తాతని కూడా తీసుకొచ్చేశాడు. మా ఇంటి తెలుగులో సగం అరవం, పావు మలయ్. మిగిలిన పావుని మాత్రం శ్రీకాకుళం నుంచి ఎవరూ కదిలించలేకపోయారు. తాతకి ఫుట్‌బాల్ అన్న మాట నోట రాదు, మలయ్ వాళ్ళలాగే బోలా అనేవాడు. గాజు గ్లాసులో డబ్బాపాలు పోసిన టీ, భుజం మీద తువ్వాలు, కణతలకి ఆ నూనె, వారానికోసారి బోలా, ఇవి ఉంటే ఆయనకి ఇంకేమీ అక్కర్లేదు. నవంబరు వానలకి కారిడారంతా తడిసి జారుతున్నా, దురియన్ పళ్ళ కాలంలో బ్లాకు బ్లాకంతా ఆ కంపులో మునిగిపోయినా, దీపావళికి అమ్మ మురుకులు వేస్తూ ఎవరినీ వంటింటి గడప తొక్కనివ్వకపోయినా, ఆట ఉన్న సాయంత్రం తాత స్నానం చేసి, ఉతికిన చొక్కా తొడుక్కుని, గుళ్ళోకి వెళ్ళేవాడంత శ్రద్ధగా టీవీ ముందు కూర్చునేవాడు.

అలా కూర్చున్న ఒక సాయంత్రమే, ఆట ఇంకో రెండు నిమిషాల్లో అయిపోతుందనగా, లేచి నిలబడి ఏదో అరవబోయి, గుండె మీద చెయ్యి వేసుకుని నెమ్మదిగా నేల మీద కూలబడిపోయాడు. గ్లాసులో టీ లుంగీ మీద ఒలికింది. పెదాలు నీలంగా మారాయి. టీవీలో జనం కేకలు వేస్తూనే ఉన్నారు, దాన్ని ఆపాలని మా ఎవరికీ తోచలేదు. ఆసుపత్రిలో పది రోజులుంచి పంపించేటప్పుడు డాక్టరు ఉప్పు తగ్గించమన్నాడు, మందులు రాశాడు, నాలుక కింద పెట్టుకునే చిన్న మాత్ర ఎప్పుడూ దగ్గరుండాలన్నాడు, ఉద్రేకపడే ఆటలు చూడకపోతే మంచిదన్నాడు. అన్నిటిలోకీ మా అమ్మ గట్టిగా పట్టుకున్నది ఆ చివరి మాటనే.

కానీ తాతకి చూడొద్దని చెప్పగల మొనగాడు మా ఇంట్లో లేడు. నాన్న ఆయన ముందు గొంతెత్తడు, అమ్మ కోడలు. అప్పుడు అమ్మకి పనికొచ్చింది ఒక నియమం. మన ఊళ్ళో జరిగే ఆట టీవీలో వస్తే జనం ఇంట్లోనే చాప వేసుకుని చూస్తారు, స్టేడియంలో సీట్లు ఖాళీగా మిగులుతాయి. అందుకని టిక్కెట్లు అమ్ముడుపోకపోతే ఆటని మన టీవీలో చూపించరు. వేరే ఊరు వెళ్ళి ఆడే ఆట హాయిగా చూడొచ్చు, పక్క వీధిలో ఆడేది మాత్రం చూడలేం. అప్పట్లో కొన్ని ఆటలకి నిజంగానే అలా జరిగేది. అమ్మ ఆ నిజాన్ని తీసుకుని అన్ని ఆటలకీ చుట్టబెట్టింది. దాన్ని తాతకి చెప్పే పని నా మీద పడింది, ఎందుకంటే తాతకి ఇంగ్లీషు రాదు, శనివారం పొద్దున్నే పేపర్లో టీవీ కార్యక్రమాల పేజీ ఆయనకి చదివి వినిపించేది నేనే.

శుక్రవారం రాత్రి అన్నం తింటున్నప్పటి నుంచే మర్నాటి అబద్ధాన్ని మనసులో వల్లె వేసుకునేదాన్ని. పొద్దున్న తాత పక్కన స్టూలు మీద కూర్చుని, వేళ్ళకి అంటే సిరా వాసనా తాత నూనె వాసనా కలిసిపోతుంటే, వార్తలు, అరవ నాటకం, చైనీస్ సీరియలు అని వరసగా చదువుతూ, ఆట ఉన్న గీత దగ్గరికి రాగానే కన్ను తప్పించి కింది గీతకి దూకేదాన్ని. స్టేడియంలో ఆటైతే సీట్లు నిండలేదనీ, బయట ఊళ్ళో ఆటైతే ఈ వారం అసలు ఆటే లేదనీ చెప్పాలి. ఒక్క గీత నోరు జారితే తాత చచ్చిపోతాడు, నాకర్థమైంది అంతే. ఇది పెద్దవాళ్ళు చేసే పని కదా, నాకెందుకు పెట్టారని అడగడానికి కూడా భయమే. ఇంతా చేసి, ఒక అబద్ధాన్ని కాపాడటానికి వంద కావాలన్నట్టు, ఆట టైముకి అమ్మ ఏదో పాత తెలుగు సినిమా క్యాసెట్ పెట్టి సౌండు పెంచేది. గోలు పడ్డప్పుడు మా బ్లాకూ ఎదురు బ్లాకూ ఒక్కసారి గొల్లుమనేవి. తాత తలెత్తేవాడు. “రేడియోలో వింటున్నారు మావయ్యా, మనది చెడిపోయింది కదా” అనేది అమ్మ వంటింట్లోంచి. మా రేడియో బట్టల బీరువాలో చీరల కింద ఉండేది.

ఒక శనివారం తాత ఊరుకోలేదు.

“మనూల్లో ఆడితే మనకే సూపించరా? ఇదేటి సోద్యమే గుంటా?”

“సీట్లు మిగిలిపోయాయి తాతా. అందరూ ఇంట్లోనే చూస్తే స్టేడియంకి ఎవరు వెళ్తారు? రూల్ అంతే లాహ్.”

తాత తువ్వాలుతో మొహం తుడుచుకున్నాడు. “అయితే తప్పు మనదేనన్నమాట. మనం ఇల్లల్లో కూకుంటే సీట్లెలా నిండుతాయి?” అన్నాడు. తర్వాత మామూలుగా, ఏదో ఊసుపోకకి అడిగినట్టు, స్టేడియంకి ఏ స్టేషన్లో దిగాలని అడిగాడు. కలాంగ్ అని చెప్పాను. చెప్పాక, ఎందుకడిగాడో అర్థమైంది. అర్థమయ్యాక కూడా ఏమీ అనలేదు.

సాయంత్రం నాలుగింటికి గుమ్మం దగ్గర తాత చెప్పులు లేవు. బ్లాకు కింద ముసలాళ్ళు సీసా మూతలతో దాడి ఆడుకునే చోటికి వెళ్ళుంటాడని అమ్మ చేపల పులుసులోకి బెలింబింగ్ కాయలు తరుక్కుంటూ కూర్చుంది. ఆ పుల్లటి వాసన నాకిప్పటికీ గుర్తు. నేను తేలు కుట్టిన దొంగలా హోంవర్కు ముందేసుకుని కూర్చున్నాను. చెప్తే, నువ్వే కదా రూలు చెప్పావు, స్టేషను చెప్పావు అంటారు. చెప్పకపోతే తాత ఎక్కడో పడిపోతాడు. గోడ గడియారంలో పెద్దముల్లు ఒక చుట్టు పూర్తిగా తిరిగింది. ఆ గంట నా జీవితంలో నేను చేసిన పెద్ద తప్పు, దాన్ని చిన్నపిల్లవి కదా అని ఎవరు సర్దిచెప్పినా నేను ఒప్పుకోను. చివరికి వంటింటి గుమ్మంలో నిలబడి చెప్పాను. అమ్మ తిట్టలేదు. పొయ్యి ఆపేసి, మాత్రల సీసా కొంగున ముడేసుకుని, నా చెయ్యి పట్టుకుని నడిచింది. నాన్న యార్డులో ఉన్నాడు, కబురు చేసే దారి లేదు.

ట్రైను నిండా ఎర్ర చొక్కాలు, మొహాలకి రంగులు, ప్లాస్టిక్ బూరాలు. గుండెల్లో రైళ్ళు పరిగెత్తడమంటే ఏమిటో నాకు ఆ రైల్లోనే తెలిసింది. ప్రతి స్టేషన్లోనూ తలుపులు తెరుచుకోగానే ప్లాట్‌ఫారం మీద ఎవరైనా పడిపోయి ఉన్నారేమో, చుట్టూ జనం మూగారేమో అని చూసేదాన్ని. అంతమందిని చూస్తుంటే ఇంకో సంగతి కూడా తట్టింది. ఇంతమంది వెళ్తుంటే సీట్లు ఖాళీగా ఉండటమేమిటి? తాత అక్కడికి వెళ్ళగానే నా అబద్ధం ఆయన కళ్ళముందే నిలబడుతుంది.

స్టేడియం చేరేసరికి ఆట మొదలైపోయింది. లోపల వేలమంది ఒక్కసారి అరిస్తే కాళ్ళ కింద సిమెంటు అదిరింది. అమ్మ ఒక గేటు వైపు వెళ్ళి అక్కడి మనుషుల్ని అడుగుతుంటే, నాకు కచాంగ్ పుత్తె అని వేయించిన శనగలూ బఠాణీలూ అమ్మే ఒక అరవ అంకుల్ బండి కనిపించింది. బండి పక్కన ప్లాస్టిక్ స్టూలు మీద, ఉతికిన చొక్కాతో, చేతిలో వేయించిన శనగల పొట్లంతో తాత కూర్చుని ఉన్నాడు. మనిషి చెమటతో తడిసిపోయాడు. పెదాలు మాత్రం నీలంగా లేవు. నేను ముందు చూసింది పెదాలే.

“నిన్ననే అయిపోయాయట గుంటా, ఒక్క టిక్కెట్టూ నేదట” అన్నాడు తాత. లోపల మళ్ళీ గొల్లుమన్నారు. అరుపు తగ్గేదాకా ఆగి, “అయితే ఇంట్లో టీవీలో వొస్తుండాలి కదే?” అన్నాడు.

“చూస్తే నువ్వు చచ్చిపోతావంట!” అని అరిచి ఏడ్చేశాను. వీధిలో, అందరి ముందూ, ముక్కూ మొహం ఏకమయ్యేలా. తాత నూనె వాసన కొట్టే ఆ తువ్వాలుతో నా మొహం తుడిచి, గుప్పెడు శనగలు నా చేతిలో పోశాడు. ఇంతలో అమ్మ ఆయాసపడుతూ పరుగున వచ్చింది. తాత ఆవిడ వైపు తిరిగి, వెనక స్టేడియం పగిలిపోయేలా ఊరంతా అరుస్తుండగా, తాపీగా అన్నాడు.

“గుంట సెప్పింది నిజమే కోడలా. లోపల సీట్లన్నీ ఖాళీయే.”

అమ్మ ఒకసారి స్టేడియం వైపు చూసింది, ఒకసారి ఆయన వైపు చూసింది. “అవును మావయ్యా” అంది. కొంగు ముడి విప్పబోయి మళ్ళీ బిగించుకుంది. ముగ్గురం ట్రైనెక్కి ఇంటికొచ్చి, చల్లారిపోయిన పులుసుతో అన్నం తిన్నాం.

ఆ తర్వాత కూడా శనివారాలు అలాగే నడిచాయి. నేను గీత దాటేసేదాన్ని, తాత తలూపేవాడు, అమ్మ క్యాసెట్ పెట్టేది. ముగ్గురికీ తెలుసు, ముగ్గురం నోరు మెదపలేదు. ఇప్పుడు తల్చుకుంటే నవ్వొస్తుంది కానీ, అప్పుడు నా భయం రెట్టింపైంది. ఎందుకంటే ఇప్పుడు తాత నా మాట నమ్మి ఆగడం లేదు, ఆగాలనుకుని ఆగుతున్నాడు. ఏ శనివారమైనా మనసు మార్చుకోవచ్చు.

మార్చుకున్నాడు. పేరాక్ జట్టు ఇక్కడికొచ్చి ఆడే వారం, నేను చైనీస్ సీరియలు దాకా చదివి ఊపిరి బిగబట్టగానే, పేపరు మీద వేలు పెట్టి, “ఇయ్యాల ఉన్నది ఉన్నట్టు సదువమ్మా. మా ఊరోల్లు వొచ్చారు” అన్నాడు. అమ్మ అని పిలిస్తే ఇక నేనేం చేస్తాను? చదివాను. ప్రత్యక్ష ప్రసారం, టైముతో సహా. వంటింట్లో గరిటె చప్పుడు ఆగిపోయింది.

సాయంత్రం అమ్మ క్యాసెట్ తియ్యలేదు. మాత్ర ఒకటి అరచేతిలో పట్టుకుని తాతకి కుడివైపు కూర్చుంది. నేను ఎడమవైపు కూర్చున్నాను. ఎవరు గోలు కొట్టారో, ఎవరు గెలిచారో నాకు తెలియదు. తొంభై నిమిషాలూ నేను చూసింది తాత చొక్కా రెండో గుండీని. అది పైకి లేస్తే నేను ఊపిరి తీసుకునేదాన్ని, కిందికి దిగితే వదిలేదాన్ని. ఒకసారి అది లేవడం ఆలస్యమైంది. అమ్మ చెయ్యి ముందుకొచ్చింది. తాత పెద్ద శ్వాస తీసుకుని, “అరెరె, తప్పిపోయింది” అన్నాడు, అంతే. ఆట అయ్యాక టీ అడిగి తాగాడు. మాత్ర అమ్మ చేతి చెమటకి కరిగి ముద్దయింది.

తాత పోయింది మరుసటి ఏడాది, ఒక మంగళవారం మధ్యాహ్నం, మంచం మీద కూర్చుని కాలిగోళ్ళు తీసుకుంటూ. ఆ రోజు ఎక్కడా ఆట లేదు. నేను స్కూలు నుంచి వచ్చి పేపరు తీసి ముందు అదే చూశాను.

ఆ పాత స్టేడియం కూల్చేశారు, దాని చోట గొడుగులాంటి పైకప్పుతో కొత్తది లేచింది. శనగలు అమ్మే బళ్ళు లేవు. టీవీ పేజీ పైకి చదివే ఇళ్ళూ లేవు. ఏసీల కోసం అందరూ కిటికీలు మూసుకున్నాక, గోలు పడితే బ్లాకు గొల్లుమనడమూ లేదు. ఎవరింట్లో వాళ్ళు అరుచుకుంటున్నారు. ఇప్పుడు టోవా పాయోలో మా ఫ్లాట్‌లో ఆట పెట్టేది మా అబ్బాయి, వాడి పక్కన కూర్చునేది డెబ్బై రెండేళ్ళ మా నాన్న. పోయినేడు ఆయన గుండెకి కూడా స్టెంట్ వేశారు. నేను బట్టలు మడతపెట్టే వంకతో సోఫా చివర కూర్చుంటాను. ఈ వారం కూడా ఒక్క పాసూ చూడకుండా ఆయన చొక్కా మీదే కళ్ళు పెట్టి ఉంటే, నాన్న స్క్రీన్ మీంచి తల తిప్పకుండానే, మా అబ్బాయికి వినపడనంత మెల్లగా అన్నాడు.

“ఉన్నాన్లేవే. ఆట చూడు.”