టైమింగ్ తప్పిన ఆదివారాలు

మా మామయ్య లెక్కలో ఈ ప్రపంచంలో ఏదీ జరగాల్సిన సమయానికి జరగదు. కారు ఇంజను కానీండి, గోడ గడియారం కానీండి, పక్కింటి పసిపిల్ల ఏడుపు కానీండి, తల కాస్త పక్కకి వంచి, ఒక కన్ను మూసుకుని వింటాడు. విని, "టైమింగ్ తప్పింది" అని తేల్చేస్తాడు. నాడి పట్టుకున్న వైద్యుడికి కూడా అంత ధీమా ఉండదు. అందుకే వీధి వీధంతా ఆయన్ని టైమింగ్ మామయ్య అంటుంది. ఆయనకంటే పెద్దవాళ్ళు కూడా అలాగే పిలుస్తారు. ఆయనా నిమ్మళంగా పలుకుతాడు.

వృత్తికి దర్జీ. ఇంటి ముందు గది కుట్టు దుకాణం, పక్కన రేకుల షెడ్డు, షెడ్డులో కారు. ఆ కారు మా అత్తయ్య కంటే ముందే ఆ ఇంటికొచ్చింది. ఆ సంగతి అత్తయ్య మరిచిపోదు, మామయ్య మరిచిపోనివ్వడు.

మనుషుల్ని కూడా ఆయన ఇంజన్లలాగే చూస్తాడు. ఎవరైనా జోకు చెబితే మా అత్తయ్య అందరూ నవ్వడం అయిపోయాక నవ్వుతుంది. "మీ అత్తయ్యకి నిప్పురవ్వ ఆలస్యంగా పడుతుందే" అంటాడు నాతో. మా అమ్మకేమో ఎదుటివాళ్ళ మాట పూర్తికాకుండానే కోపం వచ్చేస్తుంది. "మా అక్కకి ముందే పడిపోతుంది" అంటాడు.

"మరి నీకో?" అంది ఒకసారి అత్తయ్య.

"నాకు సరిగ్గా పడుతుంది."

"అందుకేనా, ఆ పెళ్ళికొడుకు సూటు పెళ్ళయిన మర్నాడు ఇచ్చావు?"

మామయ్య అప్పుడే సూదిలో దారం ఎక్కించే పనిలో మునిగిపోయాడు.

అసలీ టైమింగ్ అంటే ఏంటని ఒకరోజు అడిగాను. పాపం, చేతిలో ఉన్న ప్యాంటు అక్కడే పడేసి నన్ను షెడ్డులోకి లాక్కుపోయాడు. "ఇదిగో చూడు. లోపల పెట్రోలూ గాలీ కలిసి ఇరుకున పడి కూర్చుంటాయి. సరిగ్గా అప్పుడు నిప్పురవ్వ పడాలి. తొందరపడి ముందే పడిందనుకో, ఇంజను పటపటా పళ్ళు కొరుకుతుంది. ఆలస్యమైందనుకో, చిన్న ఎత్తు ఎక్కడానికి కూడా ఆయాసపడుతుంది. ఆ రవ్వని వేళకి అందించేది ఈ డిస్ట్రిబ్యూటరు. దీని అడుగున బోల్టు వదులు చేసి, గోరంత ఇటో అటో తిప్పి, మళ్ళీ బిగించెయ్యాలి."

"అంతేనా?"

"అంతే. కానీ ఒక్కడి వల్ల అయ్యే పని కాదు."

ఆ చివరి ముక్క ఆయన ఎంత గంభీరంగా చెప్పాడంటే, నేను చాలాకాలం నమ్మాను.

కాబట్టి ఆదివారం వచ్చిందంటే మామయ్యకి ఇద్దరు మనుషులు కావాలి. ఒకరు లోపల కూర్చుని యాక్సిలరేటరు మీద కాలు నిలకడగా ఉంచాలి. ఇంకొకరు ముందు వంగి, పిస్తోలులాంటి లైటు ఒకటి పట్టుకుని ఇంజను కింది చక్రం మీదికి చూపించాలి. రవ్వ పడినప్పుడల్లా ఆ లైటు మినుక్కుమంటుంది. దాంతో గిర్రున తిరిగే చక్రం ఆగినట్టు కనబడి, దానిమీద మామయ్య దర్జీ సుద్దతో గీసిన గీత తెల్లగా తేలుతుంది. ఆ గీత పక్కనున్న ములుకుకి ఎదురుగా నిలబడితే టైమింగ్ కుదిరినట్టు. చిక్కేంటంటే, ఇద్దరి మధ్యా బానెట్టు గోడలా లేచి ఉంటుంది. ఒకరి మొహం ఒకరికి కనబడదు. ఇంజను గోలలో గొంతు చించుకుంటే తప్ప ఒకరి మాట ఒకరికి వినపడదు.

ఈ పనికి మామయ్య ఎవర్నిబడితే వాళ్ళని పట్టుకునేవాడు. ఎదురింటి ఓనరుగారికీ, ఆయన మేడమీద అద్దెకుండే లెక్కల మాస్టారికీ మెట్ల మీది బల్బు ఎవరు ఆర్పాలన్న దగ్గర మాటలు పోయాయి. పంతాలకి పోయి ఇద్దరూ దాన్ని వెయ్యడమే మానేసి, చీకట్లో తడుముకుంటూ ఎక్కి దిగుతున్నారు. అలాంటి రోజుల్లో ఒక ఆదివారం మామయ్య ఓనరుగారిని ఆపి, "అయ్యా, మీ కాలు ఒకసారి అరువిస్తారా?" అన్నాడు. ఆయన్ని లోపల కూర్చోబెట్టి, ఇటు తిరిగి, "మాస్టారూ, మీ కళ్ళు ఒకసారి ఇటివ్వండి" అని ఆయన చేతిలో లైటు పెట్టాడు.

"ఎక్కువ తొక్కకండి!" అని అరిచారు మాస్టారు.

"నేను తొక్కట్లేదండీ, అదే పోతోంది!"

"గీత పక్కకి జరిగింది!"

"మీరే సరిగ్గా చూడట్లేదేమో!"

"చూస్తున్నానండీ! మెట్ల మీద లైటుంటే ఇంకా బాగా చూడ్డం అలవాటయ్యేది!"

లోపలినించి ఓనరుగారు పగలబడి నవ్వారు. ఆ సాయంత్రం మెట్ల మీద బల్బు వెలిగింది. మామయ్య మాత్రం, "చూశావా, ఇంజను గొంతు ఎంత తేటగా ఉందో!" అని కారు చూసుకునే మురిసిపోయాడు.

అలాగే బేకరీ ఆయన్నీ ఆయన అల్లుణ్ణీ పట్టుకొచ్చాడు. అల్లుడు లోపల కూర్చుని కునుకు తీస్తే, మామగారు బానెట్టు మీద దరువేసి లేపారు. ఆసుపత్రి నర్సునీ ఆవిడ ఆడపడుచునీ తెచ్చినప్పుడు ఇద్దరూ కలిసి మామయ్యనే తిట్టి, చెయ్యీ చెయ్యీ పట్టుకుని వెళ్ళిపోయారు. ఇదంతా మామయ్య కారు పిచ్చి అనే అనుకున్నాను నేను.

మూల మీది మెకానిక్కి మాత్రం ఆ కారంటే ఒళ్ళు మంట. "టైమింగ్ అంటే ఒకసారి పెట్టి బోల్టు బిగిస్తే మళ్ళీ దాని జోలికి ఇప్పట్లో పోనక్కర్లేదమ్మా. మీ మామయ్య కారుకి వారం వారం తప్పుతుందేంటి? పైగా ఇద్దరు మనుషులెందుకు? నేనొక్కణ్ణే టీ చల్లారేలోపు పెట్టేస్తాను" అన్నాడు నాతో.

ఆ మాట మామయ్య చెవిన వేశాను. "వాడికి చెవి లేదే" అని కొట్టిపారేశాడు.

ఇలా నవ్వుకుంటూ ఉండగా మా ఇంట్లోనే ఒకటి మొదలైంది. మా అమ్మమ్మ పోయాక ఆవిడ అద్దాల బీరువా మిగిలింది. మా అమ్మ పెద్దది, మామయ్య నడిమివాడు, పిన్ని చివరిది. "బీరువా నువ్వు తీసుకోవే" అంది అమ్మ పిన్నితో. "నాకెందుకక్కా, నువ్వే తీసుకో" అంది పిన్ని. కాదు నువ్వే అంటే నువ్వే అని చాలాసేపు ప్రేమగా తోసుకున్నారు. తర్వాత, "అంటే నా ఇంట్లో దానికి చోటు లేదనా నీ ఉద్దేశం?" అని ఒకరు, "అంటే నాకు బీరువాకి గతిలేదనా?" అని ఇంకొకరు. అంతే, మాటలు బంద్. బీరువా వచ్చి మామయ్య దుకాణంలో పడింది. కుట్టిన ప్యాంట్లన్నీ దాంట్లో దర్జాగా వేలాడుతున్నాయి.

ఏడాది కావస్తున్నా అక్కాచెల్లెళ్ళు పలకరించుకోలేదు. ఉండేది రెండు వీధుల దూరంలో. "మీ పిన్నికి చెప్పు" అని అమ్మ, "మీ అమ్మకి చెప్పు" అని పిన్ని, మధ్యలో నేను పోస్టు డబ్బా.

ఇంతలో బాబాయికి బదిలీ అయింది. రైల్లో ఒక పగలంతా కూర్చుంటే తప్ప చేరలేని ఊరు. సోమవారం సామాన్ల లారీ వస్తుంది. ఈ సంగతి అమ్మకి బేకరీ ఆయన నోటివెంట తెలిసింది. ఇంటికొచ్చి, రొట్టె బల్ల మీద పెట్టి, కుర్చీలో కూర్చుంది. అంతే. ఒక్క మాట లేదు. నాకు భయమేసి మామయ్య దగ్గరికి పరిగెత్తాను.

కుట్టుమిషను ఆగిపోయింది. "అక్క అరవలేదా?"

"లేదు."

"గిన్నెలు విసరలేదా?"

"లేదు మామయ్యా."

"అమ్మో" అన్నాడు. "ఇలాగే వెళ్ళిపోయిందంటే ఇక కలవరే. పక్కవీధిలో ఉండి మాట్లాడకపోతే అలక. అంత దూరంలో ఉండి మాట్లాడకపోతే అదే అలవాటైపోతుంది."

ఆదివారం పొద్దున్నే అమ్మ జాకెట్టు ఇవ్వడానికి వెళ్ళాను. దుకాణంలో ఎవరూ లేరు. షెడ్డులో చప్పుడైతే తొంగిచూశాను. మామయ్య ఒక్కడే ఇంజను మీదికి వంగి, స్పానరుతో ఆ బోల్టు విప్పుతున్నాడు. విప్పి, డిస్ట్రిబ్యూటర్ని కావాలని ఒక పక్కకి తిప్పేశాడు.

"మామయ్యా! నువ్వా?"

ఉలిక్కిపడి బానెట్టుకి తల కొట్టుకున్నాడు. "గట్టిగా అరవకే!"

"మెకానిక్ అన్నది నిజమేనా? వారం వారం చెడగొట్టేది నువ్వేనా?"

తల రుద్దుకుంటూ స్పానరు జేబులో పెట్టాడు. "కారుకేమే, నిక్షేపంలా ఉంది. దర్జీవాడి ముందు చేతులెత్తి నిలబడితే మనుషులు కొలతలతో పాటు అన్నీ చెప్పేస్తారు. ఎవరికి ఎవరితో మాటల్లేవో నాకు తెలిసినట్టు ఇంకెవరికి తెలుస్తుంది? వెళ్ళి కూర్చుని మాట్లాడుకోండి అంటే ఎవరైనా వింటారా? కారు బాగుచెయ్యాలి, సాయం పట్టండి అంటే మాత్రం కాదనలేరు." ఆ తర్వాత గొంతు తగ్గించి, "పోయి మీ అమ్మని పిలు. జుట్టు ముడేసుకుని రమ్మను, ఇంజను ముందు ఫ్యాను తిరుగుతుంది" అన్నాడు.

అమ్మ వచ్చేసరికి బానెట్టు లేచి ఉంది, ఇంజను మొదలైంది, మామయ్య కబురందుకుని ముందే వచ్చిన పిన్ని లోపల కూర్చుని ఉంది. అమ్మ లైటు అందుకుని, "లోపలెవర్రా?" అంది.

"ఎవరో ఒకరులే, నువ్వు గీత చూడు."

కాసేపయ్యాక అమ్మ, "వాళ్ళని కాస్త తొక్కమను" అంది. "వాళ్ళకి చెప్పన్నయ్యా, తొక్కుతూనే ఉన్నానని" అంది లోపలి గొంతు. అమ్మ ఆ గొంతు గుర్తుపట్టింది. అయినా లైటు కింద పెట్టలేదు.

"ఎవరో గుండీ ఊడిందని పిలుస్తున్నారు" అని మామయ్య జారుకున్నాడు. పోతూ పోతూ నా చెయ్యి పట్టుకుని దుకాణంలోకి లాగాడు. "నువ్వుంటే నీ ద్వారా మాట్లాడుకుంటారే, రా." ఇద్దరం గోడకి చెవులానించి నిలబడ్డాం.

ఇంజను ఒకే తీరుగా మోగుతోంది. "ఇంకా మొదలవలేదు" అన్నాడు. ఉన్నట్టుండి భోరుమంది. "అదిగో, చిన్నదానికి కోపమొచ్చింది, కాలు దించేసింది!" గోలలోంచి ముక్కలు ముక్కలుగా మాటలు. "...బేకరీవాడు చెప్పాలా నాకు..." "...చెబుదామంటే నువ్వు మొహం చూస్తే కదా..." "...ఏడాది! ఏడాదే..." మళ్ళీ భోరు. తర్వాత ఇంజను కుంటడం మొదలెట్టింది. "అక్క కోపంలో డిస్ట్రిబ్యూటరు తిప్పేస్తోంది. అటు కాదే, అయ్యో, అటు కాదు!" అని మామయ్య గోడకే చెప్పుకున్నాడు. తర్వాత చప్పుడు మెల్లమెల్లగా దిగిపోయింది.

"కాలు తీసేసింది. ఏడుస్తోంది" అన్నాడు.

"నీకెలా తెలుసు?"

"చిన్నప్పుడు సైకిలు మీద ఏడ్చినా అంతే. పెడళ్ళ మీంచి కాళ్ళు తీసేసేది. నేను వెనకాల పరిగెత్తి పట్టుకునేవాణ్ణి."

అంతలో ఇంజను ఆగిపోయింది. షెడ్డులో చిన్న శబ్దం కూడా లేదు. మామయ్య తల వంచాడు, కన్ను మూశాడు, ఎంత విన్నా వినడానికేమీ లేదు.

"ఏమైంది మామయ్యా?"

"తెలీదే" అన్నాడు. ఆ మాట ఆయన నోట నేనెప్పుడూ వినలేదు. ఇద్దరం పరిగెత్తాం.

అమ్మ వెళ్ళి కారులో పిన్ని పక్కన కూర్చుని ఉంది. ఇద్దరి మొహాలకీ గ్రీజు. ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని, ఇద్దరూ ఒకేసారి మాట్లాడేస్తున్నారు.

"ఆపేశారేంటి? గీత కలిసిందా?" అన్నాడు మామయ్య.

"నీ గీత తగలెయ్య!" అంది అమ్మ. "ఈ గోలలో అది చెప్పేది ఒక్క ముక్క వినపడి చావట్లేదు. పోరా, పోయి టీ పట్రా."

"నాకు పంచదార ఎక్కువన్నయ్యా" అంది పిన్ని ముక్కు తుడుచుకుంటూ.

మామయ్య మోచేత్తో కళ్ళు తుడుచుకుని టీకి కదిలాడు. ఆ ఇద్దరినీ అలా చూసి ఎన్నాళ్ళయిందో! నాకూ కళ్ళు తడిశాయి, చెప్పొద్దూ.

సోమవారం లారీ వెళ్ళాక మామయ్య కారులోనే పిన్నీవాళ్ళని స్టేషనుకి తీసుకెళ్ళాం. ప్లాట్‌ఫారం మీద, "ముందు నువ్వే రావాలక్కా" అని పిన్ని, "చిన్నదానివి, ముందు నువ్వు రావడం మర్యాద" అని అమ్మ. గొంతులు కాస్త లేచేసరికి మామయ్య చెయ్యి జేబులో స్పానరు మీదకి పోయింది. ఇంతలో రైలు కదిలింది కాబట్టి బతికిపోయాం.

ఇంటికొచ్చాక నా నోట్లో మాట దాగలేదు. "అమ్మా, నీకో సంగతి చెప్పనా? ఆ బోల్టు..."

"తెలుసే."

"తెలుసా?"

"నాకేంటి, వీధంతటికీ తెలుసు. మొన్న ఓనరుగారికి మాస్టారితో మళ్ళీ ఏదో మాట తేడా వచ్చిందట. ఆయనంతట ఆయనే వచ్చి, 'మామయ్యా, కారెలా ఉంది, టైమింగేమైనా తప్పిందా?' అని అడిగి మరీ వెళ్ళారు."

"మరి తెలిసే వెళ్ళావా?"

"నా అంతట నేను దాని గుమ్మం ఎలా ఎక్కుతానే, పెద్దదాన్ని? వాడు పిలుస్తాడని ప్రతి ఆదివారం జుట్టు ముడేసుకుని కూర్చున్నాను. ఊళ్ళోవాళ్ళందర్నీ పిలిచాడు కానీ సొంత అక్కచెల్లెళ్ళని పిలవడానికి ఏడాది పట్టింది వెధవకి!" అని కళ్ళు తుడుచుకుని, "ఇదిగో, వాడికి మాత్రం చెప్పకు. తెలిసిందంటే సిగ్గుపడి ఆ బోల్టు బిగించేస్తాడు" అంది.

నేను చెప్పలేదు. వీధిలో ఇంకెవరూ చెప్పలేదు. ఆ కారు సంగతి నాకు తప్ప మరో మనిషికి తెలియదనే మామయ్య ఇప్పటికీ అనుకుంటున్నాడు.