నెత్తిమీద చెలక

పోశాలు మాటంటే మాటేనని కాటారం చుట్టుపక్కల అందరికీ తెలుసు. ఆ మాటతో కాపురం చేయడం ఎంత కష్టమో మాత్రం ఆయన భార్య సరోజకే తెలుసు.

పోశాలు తాత దొర బండి ముందు కొమ్ము ఊదుతూ నడిచేవాడు. అందుకు దొర రెండెకరాల చెలక ఇనాంగా ఇచ్చాడు. తర్వాత ఇనాములు రద్దయ్యాయి. రద్దయిన నాటికి ఎవరు దున్నుతుంటే భూమి వాళ్ళదే అన్నారు. దున్నింది పోశాలు తండ్రి. కాగితం మాత్రం లేదు. ఇప్పుడు దొర మనవడు శ్యాం పట్నం నుంచి దిగి, అప్పట్లో మేమే జీతగాళ్ళతో దున్నించామన్నాడు. భూపాలపల్లి ఆర్డీవో కోర్టులో కేసు నడుస్తోంది. నడుస్తోందనడం మర్యాదకే. వాయిదాల మీద వాయిదాలతో అది ఎప్పుడో కూర్చుండిపోయింది.

ఈసారి వాంగ్మూలం ఉందని వకీలు చెప్పాడు. పోశాలు పొద్దున్నే తానం చేసి, తడిబట్టలతో చెలకలోకి పోయి, ఇంత మట్టిపెళ్ళ లేపి నెత్తిన పెట్టుకున్నాడు. వాళ్ళ ఊళ్ళో గట్టు తగాదా వస్తే పెద్దమనుషుల ముందు అట్లా మట్టి మోసే చెప్పాలి. మట్టి ముందు అబద్ధమాడితే పంట పండదు. తగాదా తేలేదాకా పెళ్ళ దించకూడదు.

"ఆడికి పోయినంక పెట్టుకోరాదు? సంచిల ఏసిస్త" అంది సరోజ.

"సంచిల ఉంటె మట్టి. నెత్తిన ఉంటెనే సాక్ష్యం."

"మెడ పట్టుకుంటె దవాఖానకు ఎవలు తిప్పాలె?"

అప్పుడే నిద్రపోయిన పసిబిడ్డను ఎత్తుకున్నవాడిలా, ఒళ్ళు కదలకుండా బస్సెక్కాడు పోశాలు. గుంత వచ్చినప్పుడల్లా ఇంత మట్టి రాలింది.

"ఏంది తాత గది?" అన్నాడు కండక్టరు.

"భూమి."

"భూమికి టికెట్ లేదుగని, జర కిటికీ దిక్కు జరుగు. ముంగటి సీటాయన నెత్తి నిండుతాంది."

కోర్టు దగ్గర ఆయన్ని చూసి వకీలు ప్రభుదాస్ నుదురు పట్టుకున్నాడు. "అన్నా, మనకు ఎవలు దున్నిన్రో రాసిన పాత పహాణీ కావాలె. పెళ్ళ గాదు."

"పహాణీ దొర్కలేదంటివి గదా. దొరికింది తెచ్చిన."

పిలుపు వచ్చింది. శ్యాం వకీలు లేచి ఎప్పటిలాగే వాయిదా అడిగాడు. ఆర్డీవో సుశీల మేడమ్ రాయడానికి కలం తీసింది. ఈ సంగతి పోశాలు ఆలోచించనే లేదు. వాయిదా పడితే తగాదా తేలనట్టే, తేలకపోతే పెళ్ళ దించరాదు. వచ్చే నెల దాకా ఎట్ల పండుకునుడు?

"మేడమ్, వాయిదా ఏస్తె నేను ఇంటికి పోలేను" అని కట్టుబాటు మొత్తం విప్పి చెప్పాడు.

ఆమె పెళ్ళకేసి చూసింది. తడి ఆవిరైపోయి అది నెర్రెలు బారింది. ఒక్కో పెచ్చు ఊడి ఆమె ఫైళ్ళ మీద పడుతోంది. "వాయిదా లేదు. త్వరగా చెప్పండి" అంది.

"మా నాయిన దున్నిండు. నేను చిన్నోణ్ణి, ఎడ్ల ముంగట నడిచిన. గంతే."

తర్వాత శ్యాం సాక్షిని నిలబెట్టారు. దొర దగ్గర ఒకప్పుడు జీతమున్న దేవ్‌సింగ్, తండా మనిషి. ఏం చెప్పాలో దారిపొడుగునా కారులో నేర్పే తెచ్చారు. ఎవరు దున్నారని మేడమ్ అడిగింది.

"గాయినను జర బయటికి పంపి అడుగుండ్రి మేడమ్."

"ఎందుకు?"

"మట్టి చూస్తాంది."

"చూడనివ్వండి. చెప్పండి."

"నాక్కూడ ఎకరం మక్క ఉన్నది మేడమ్. అది ఎండితె మా ఆడామె నన్ను ఇంట్లకు రానియ్యది. పోశాలు నాయినే దున్నిండు. నేను దొర బర్లు కాసిన. బిర్యానీ పెడ్తమంటె వచ్చిన."

"తిన్నవు గదా మరి" అన్నాడు శ్యాం ఆగలేక.

"బిర్యానీ కూడా రాసుకోండి మేడమ్" అన్నాడు ప్రభుదాస్.

మేడమ్ అంతా రాసుకుంది. భూమి పోశాలుదేనని చెప్పి, ఇక దించండి మహాప్రభో అంది. పోశాలు తువ్వాల పరిచి పెళ్ళ దించాడు. అటెండరు చీపురు తెచ్చి కింద రాలిన మట్టిని ఊడ్వబోయాడు.

"ఆగు బిడ్డా" అన్నాడు పోశాలు. "ఇందాక ఊడిస్తె ఏమనకపోదును. ఇప్పుడది నా భూమి."

మోకాళ్ళ మీద కూర్చుని బల్ల కింద మట్టంతా తువ్వాలలోకి ఎత్తసాగాడు. మేడమ్ కాళ్ళు పైకెత్తుకుని కూర్చుని, ఫైలు మీద పెచ్చులు కూడా దులిపి ఇచ్చింది.