అత్తమ్మ బర్రెతో చెప్పుకున్న మాటలు

పాలకుర్తిలో నాకొక చిన్న పాల దుకాణం ఉంది. పాలంటే ప్యాకెట్ పాలు. తెల్లవారుతుండగా వ్యాను వచ్చి ట్రేలు దింపిపోతుంది. పాలు, పెరుగు, ఎండాకాలమైతే మజ్జిగ ప్యాకెట్లు. మా ఊరు అక్కడికి దగ్గరే. మొదటి ఆటోకు వచ్చి షట్టర్ ఎత్తుతాను, ఎండెక్కాక ఇంటికి పోతాను, సాయంత్రం మళ్లీ వస్తాను.

నా దగ్గర ప్యాకెట్లు కొనేవాళ్లలో సగం మంది ఇంట్లో బర్రెలున్నవాళ్లే. పొద్దున పాలకేంద్రంలో క్యాను ఖాళీ చేస్తారు, అదే బండి మీద నా దుకాణానికొచ్చి చాయకు ఒక ప్యాకెట్ తీసుకుపోతారు. మొదట్లో నవ్వొచ్చేది. తర్వాత అలవాటైపోయింది. పాల విషయంలో ప్రపంచంలో మన దేశమే ముందుందని, అయినా అడిగేవాళ్లు ఇంకా పెరుగుతూనే ఉన్నారని పేపర్లో అప్పుడప్పుడు రాస్తారు. నిజమే. పాలకుర్తిలో పనీర్ అడిగేవాళ్లు కూడా తయారయ్యారు మరి. కానీ ఆ వార్త చదివినప్పుడల్లా నాకు ఒళ్లు మండేది. ఆ పాలన్నీ పొద్దున్నే కొట్టంలో గొంతుక్కూర్చుని ఎవరు పిండుతున్నారో ఒక్కరూ రాయరు.

మా ఇంట్లో పిండేది మా అత్తమ్మ. పేరు మాత్రం మా మామది.

మామ మా ఊరి పాల సంఘానికి డైరెక్టర్. తెల్ల ధోతి, భుజం మీద తువ్వాల, దువ్విన మీసం. క్యాను పట్టుకుని కేంద్రానికి పోయి, వెన్న శాతం చూపించుకుని, అక్కడే అరుగు మీద కూర్చుని దాణా గురించి, జాతి బర్రెల గురించి గంటసేపు మాట్లాడి వస్తాడు. మాట్లాడితే వినాలనిపించేలా మాట్లాడతాడు, అది ఒప్పుకోవాలి. కాకపోతే నేను కాపురానికి వచ్చినప్పటి నుంచి ఆయన బర్రె కింద కూర్చోగా ఒక్కసారి కూడా చూడలేదు.

అత్తమ్మ చీకటి విడిపోకముందే లేస్తుంది. కొట్టం ఊడ్చి, తవుడు కలిపి ముందు పెట్టి, బకెట్ మోకాళ్ల మధ్య ఇరికించుకుని కూర్చుంటుంది. కూర్చున్న దగ్గర నుంచి మాటలే. ఆమె మాట్లాడేది బర్రెతో. నేను వాకిట్లో మొహం కడుక్కుంటూ రోజూ వినేదాన్ని.

"జరుగే తల్లీ, జర జరుగు. కాలు ఎన్కకు పెట్టు. గట్ల. ఈ పొద్దు నీకూ నాకేనే. ముసలోడు ఇంకా లేవలే సూడు. లేసిండంటే చాయ అంటడు. పాలు నీయి, చాకిరి నాది, పేరు ఆయనది. ఏం జేస్తం చెప్పు. మా బంగారు తల్లివి గదా, చేపవే, చేపు."

బర్రె చేపేది. అంటే పొదుగులోకి పాలు దింపేది. ఆ పిలుపు లేకుండా ఒక్క చుక్క ఇచ్చేది కాదు. ఈసారి ఈనినప్పుడు పుట్టిన దూడ నెల తిరక్కుండానే చచ్చిపోయింది. దూడ చీకితే ఏ బర్రయినా చేపుతుంది. దూడ లేని మా బర్రెకు అత్తమ్మ గొంతే దూడ అయింది. ఇదంతా జరుగుతున్నప్పుడు మామ వసారాలో నులక మంచం మీద దుప్పటి నిండా కప్పుకుని పడుకుని ఉండేవాడు.

మొన్నటి వానాకాలంలో అత్తమ్మ బర్రె నీళ్లు తాగే గోలెం దగ్గర పాచి మీద కాలుజారి పడింది. తొడ దగ్గర ఎముక విరిగింది. జనగామ దవాఖానలో ఆపరేషన్ చేసి రాడ్డు వేశారు. ఆడబిడ్డ దగ్గరుండి చూసుకుంటోంది. డాక్టరు చెప్పిన మాట ఒకటే: ఇంటికి పోయినా చాలా నెలలు కింద కూర్చోవద్దు. అత్తమ్మకు కాలు గురించి దిగులు లేదు. మత్తు దిగిన దగ్గర నుంచి ఫోన్లో ఒకటే ప్రశ్న.

"బర్రె చేపిందా?"

చేపలేదు. పక్కింటి అక్క వచ్చి కూర్చుంటే బకెట్ తన్నేసింది. నేను కూర్చున్నాను. తవుడు పెట్టాను, మెడ గోకాను, అత్తమ్మ మాటలు నాకు గుర్తున్నంత వరకు అన్నాను. తల తిప్పి నన్నొకసారి చూసి, కాలు ఎత్తింది. ఎంతమందిని చూడలేదు నీలాంటి వాళ్లను అన్నట్టుగా ఉంది ఆ చూపు. పొదుగు గట్టిపడుతోంది. ముట్టుకుంటే వేడి. మందుల షాపు పిల్లగాడు సూది వేస్తే నిమిషంలో పాలు దిగుతాయన్నాడు. బర్రె ఒళ్లు గుల్లచేసే ఆ సూది మాట ఎత్తినందుకు వాడిని నేను తిట్టిన తిట్లు వాడి జన్మలో విని ఉండడు.

మా ఆయన భూపాలపల్లిలో బొగ్గు గని దగ్గర కాంట్రాక్టు పని చేస్తాడు, ఆదివారాలు వస్తాడు. ఫోన్లోనే తేల్చేశాడు. "అమ్మేద్దాం తియ్. మానుకోట పశువుల అంగడికి పోయే బేరగాడు నాకు తెల్సు. ఐతారం తోల్కొస్త. పాలంటవా, నీ దుకాణంల లేవా?"

నిజమే, మా దుకాణంలో పాలకు ఏం కొదవ? కానీ ఆ బర్రె తల్లి, దాని తల్లి కూడా ఆ కొట్టంలోనే పుట్టాయి. వాటికి మూలమైన మొదటి బర్రె అత్తమ్మ వెంట పుట్టింటి నుంచి నడిచి వచ్చింది. ఆ ఇంట్లో పొలం మామది, ఇల్లు మామది, చివరికి పాల డబ్బులు పడే సంఘం కార్డు కూడా మామదే. అత్తమ్మది అని చెప్పడానికి ఆ ఒక్క బర్రే ఉంది. ఆమె దవాఖాన మంచం మీద ఉండగా దాన్ని అంగడికి తోలితే, వచ్చాక ఆ ఖాళీ కొట్టం ఎట్లా చూపించాలి? మామతో అన్నాను. ఆయన చాయ గ్లాసు అందుకున్నాడు. అది నా ప్యాకెట్ పాల చాయే. రెండు గుక్కలు తాగి పక్కన పెట్టాడు.

"ఆమెకు నా చీర కట్టుమను," అని అత్తమ్మ ఫోన్లో ఆడబిడ్డతో చెప్పించింది. ఆమె అంటే నేను. కట్టాను. బర్రె చీర వాసన చూసింది, చెవులు ఆడించింది. కాసేపు ఆశ పుట్టించింది. ఆ తర్వాత మళ్లీ అదే తన్ను. ఆ చీర విప్పి దండెం మీద వేసి, ఆటో ఎక్కాను. నేను చీర కట్టుకోవడం, తన్ను తినడం మామ మంచం మీద నుంచి చూశాడో లేదో నాకు తెలియదు. దుప్పటి మాత్రం కదల్లేదు.

మర్నాడు వ్యాను ఆలస్యమని డ్రైవరు ఫోన్ చేశాడు. అందుకే ఇంకా వాకిట్లోనే ఉన్నాను. కొట్టంలో నుంచి మాటలు వినిపించాయి.

"జరుగే తల్లీ, జర జరుగు. కాలు ఎన్కకు పెట్టు."

మాటలు అత్తమ్మవి. గొంతు మామది. నేను తడిక పక్కన నిలబడి చూశాను. ధోతి మీద అత్తమ్మ ఆకుపచ్చ గళ్ల చీర చుట్టుకుని, మీసం కనబడకుండా కొంగు ముక్కు దాకా లాక్కుని, పాల సంఘం డైరెక్టర్ గారు బర్రె కింద గొంతుక్కూర్చుని ఉన్నారు. నవ్వు తన్నుకొచ్చింది. కొంగు నోట్లో కుక్కుకున్నాను.

"ఈ పొద్దు నీకూ నాకేనే," అని, అక్కడ ఆగాడు. ముసలోడి సంగతి ఎగ్గొట్టి "మా బంగారు తల్లివి గదా" దగ్గరికి దుమికాడు. బర్రె కాలు ఎత్తింది. మామ మొదటి నుంచి ఎత్తుకున్నాడు. ఈసారీ ఆ మాట దగ్గర తడబడ్డాడు, అది మళ్లీ కాలు ఎత్తింది. తర్వాత ఆయన గొంతు సవరించుకుని, చాలా మెల్లగా అన్నాడు.

"ముసలోడు ఇంకా లేవలే సూడు. లేసిండంటే చాయ అంటడు. పాలు నీయి, చాకిరి నాది, పేరు ఆయనది. ఏం జేస్తం చెప్పు..."

బకెట్ అడుగున మొదటి ధార చప్పుడైంది. తర్వాత రెండోది. ఆగకుండా పడుతూనే ఉన్నాయి. నా నవ్వు ఎటు పోయిందో పోయింది. దుప్పటి నిండా కప్పుకుని పడుకున్న మనిషికి ఒక్క మాట తప్పకుండా, ఏ మాట తర్వాత ఏ మాటో, ఎక్కడ ఊపిరి తీసుకోవాలో కూడా తెలుసు. అంటే ఇన్నేళ్లుగా ఆయన నిద్రపోలేదు.

బయటికొచ్చి నన్ను చూసి బిక్కచచ్చిపోయాడు. కొంగు తీసే తొందరలో ఇంకా చుట్టుకుంది.

"ఆ మాట ఇడిస్తే ఇస్తలేదు బిడ్డా," అన్నాడు. "నా తప్పేం లేదు, బర్రెదే జిద్దు."

ఆ రోజు పొద్దున అత్తమ్మ ఫోన్ వస్తే "చేపింది" అన్నాను. ఎవరికి చేపిందో చెప్పలేదు. తర్వాత మొదటిసారిగా కాలు నొప్పి గురించి మాట్లాడింది.

ఆదివారం మా ఆయన బేరగాణ్ణి వెంటబెట్టుకుని పొద్దున్నే దిగాడు. బేరగాడు వాకిట్లో నిలబడి బర్రెను చూపించమన్నాడు. మామ కొట్టంలో నుంచి నిండు బకెట్‌తో, చీరతో, మీసంతో బయటికి వచ్చాడు. బేరగాడికి దండం పెట్టాలో పారిపోవాలో తెలియలేదు. మా ఆయన "బాపూ!" అని నోరు తెరిచి మళ్లీ మూయలేదు.

"అమ్మేది లేదు," అన్నాడు మామ. "గా బర్రె మీ అవ్వది. అమ్మాల్నా వద్దా ఆమెనే వచ్చి చెప్తది. చాయ తాగి పోర్రి."

ఇక ఊరు ఊరుకుంటుందా? మామ క్యానుతో కేంద్రానికి పోతే అరుగు మీద వాళ్లు "డైరెక్టరమ్మ వచ్చింది" అని గోల చేశారట. ఆయనే వచ్చి నాకు చెప్పాడు, తను ఏమన్నాడో కూడా. "నవ్వుర్రి. రేపు మీ ఇంటామె కాలు ఇరుగుతే, మీ బర్రెకు ఏం చెప్పాల్నో మీకెర్కేనా?" వాళ్లు ఇంకా నవ్వారు. కానీ అందులో ఒకాయన తర్వాత చాటుగా వచ్చి, వేళ్లు ఎట్లా పట్టాలని అడిగిపోయాడు. వాళ్లింటామె నా దుకాణంలో ఆ సంగతి చెప్పి మురిసిపోయింది. ఆమె పొంగిపోవడం చూస్తే నాకూ ఆ పూటంతా హాయిగా ఉంది.

అత్తమ్మను ఇంటికి తెచ్చినప్పుడు వసారాలో మామ పడుకునే మంచం మీదే పడుకోబెట్టాం. మామ పక్కన చాప వేసుకున్నాడు. అక్కడి నుంచి కొట్టంలో చీమ చిటుక్కుమన్నా వినబడుతుందని నాకు ఆ రోజే తట్టింది. మర్నాడు నేను కావాలనే మొదటి ఆటో వదిలేశాను.

అత్తమ్మ కళ్లు తెరిచే ఉంది. కొట్టంలో మామ మొదలుపెట్టాడు. ఆమె ముందు తల ఎత్తి విన్నది. ముసలోడు లేవలేదన్న మాట దగ్గర ఆమె పెదవులు కూడా కదిలాయి. తర్వాత కొంగు మొహానికి అడ్డం పెట్టుకుంది. నవ్వుతోందో ఏడుస్తోందో నాకు తెలియలేదు, ఆమెకూ తెలిసి ఉండదు.

మామ బకెట్ తెచ్చి గడప దగ్గర పెట్టాడు.

"అంటే రోజు ఇన్నవన్నట్టు," అంది అత్తమ్మ. "ఇనుకుంట గూడ లేవకపోతివి?"

మామ చీర కొంగుతో చేతులు తుడుచుకున్నాడు. "నువ్వు బర్రెతోని చెప్తున్నవనుకున్న."

"మరి ఎవలతోని చెప్పాలె? నీతోని చెప్తే ఇంటవా?"

ఆయన పొయ్యి దగ్గరికి పోయి, ఆ పాలతోనే చాయ పెట్టి తెచ్చి ఆమెకు ఇచ్చాడు. చక్కెర ఎక్కువైంది. అత్తమ్మ ఆ సంగతి చెప్పి, గ్లాసు మొత్తం తాగింది.

ఇప్పుడు అత్తమ్మ కర్ర పట్టుకుని నడుస్తోంది. పాల సంఘం కార్డు ఆమె పేరు మీదికి మారింది, మామే మార్పించాడు. మా దుకాణంలో ప్యాకెట్ల ట్రే పక్కన ఒక చిన్న క్యాను పెడుతున్నాను. బర్రె పాలు ఉన్నాయా అక్కా అని అడిగే టీచర్లు, కొత్త ఇళ్లవాళ్లు ఎప్పటి నుంచో ఉన్నారు. ప్యాకెట్ల కంటే ముందు అది ఖాళీ అవుతుంది. ప్యాకెట్లూ తగ్గలేదు, తాగేవాళ్లు అంతమంది ఉన్నారు.

ఈ మధ్య ఒక పొద్దున కొట్టం ముందు నుంచి ఆటో కోసం పోతూ ఆగాను. అత్తమ్మ బర్రె తల దగ్గర ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని మెడ గోకుతోంది. ఆమె గొంతు వినిపిస్తుంటే చాలు, చీర అక్కర్లేదు. మామ తన అంగీతోనే కింద కూర్చుని పిండుతున్నాడు. అత్తమ్మ అలవాటుగా మొదలుపెట్టింది.

"ఈ పొద్దు నీకూ నాకేనే తల్లీ. ముసలోడు ఇంకా లేవలే సూడు..."

"లేసిన," అన్నాడు మామ బర్రె కింద నుంచి.