సీసా మీద పెన్సిలు గీతలు

మా అత్తగారికి ఆయాసం. డాక్టరు చీటీ చూపితే గాని బ్రాందీ దొరకని రోజులవి. పూటకు ఒక చెంచా, వేడినీళ్లలో కలిపి తాగాలి. ఆవిడ రెండు చెంచాలు పోసుకుంటుందేమోనని నాకు అనుమానం. అందుకని సీసాకు నిలువునా కాగితం ముక్క అంటించి, మందు ఎక్కడిదాకా ఉందో రోజూ పెన్సిలుతో గీత గీసి, పక్కన తేదీ వేసేదాన్ని. ఒకసారి లెక్కకు ఒక చెంచా తగ్గితే ఆవిణ్ణి కూర్చోబెట్టి మితం గురించి పావుగంట చెప్పాను. వాచీ చూశాను కాబట్టి తెలుసు, పావుగంటే. ఆవిడ వక్క నములుతూ విన్నది.

1957లో మాచర్ల మిషన్ బడిలో నేను తాత్కాలిక పంతులమ్మను. ఆడపిల్లలకు వంట క్లాసు పెడతారనీ, అది చెప్పేవారి ఉద్యోగం ఖాయం చేస్తారనీ తెలిసింది. ఎవరికివ్వాలో మా పెద్ద పంతులమ్మగారి ఇష్టం. మద్యం ముట్టబోమని మా అందరి చేతా సంతకాలు పెట్టించిన మనిషి ఆవిడ. ఆ కాగితం మీద మొదటి సంతకం నాదే. నవంబరు రెండో శనివారం ఆవిణ్ణి మధ్యాహ్న భోజనానికి పిలిచాను.

మామూలు కూర పెడితే నా తెలివి ఎలా బయటపడుతుంది? బడి బీరువాలో ఒక ఇంగ్లీషు వంటల పుస్తకం ఉండేది. లేత బీన్స్ ఉడికించి, వెన్న, పంచదార, నాలుగు చెంచాల బ్రాందీ వేసి అద్దంలా మెరిసేదాకా తిప్పమని అందులో ఉంది. బ్రాందీ ఘాటు ఆవిరైపోతుందని కూడా ఉంది. ఆవిరైపోయింది ముట్టినట్టు కాదని నాకు నేనే తీర్పు చెప్పుకున్నాను.

మాచర్లలో బీన్స్ దొరకలేదు. అరవీశె గోరుచిక్కుళ్లు తెచ్చి, బడి స్కేలు పెట్టి రెండంగుళాల చొప్పున కోశాను. పంచదార నిండుకుంది, బెల్లం వేశాను. వెన్న లేదు, నెయ్యి వేశాను. పుస్తకంలో చెప్పినవాటిలో ఇక మిగిలింది బ్రాందీ ఒక్కటే. దాని విషయంలో మాత్రం పుస్తకం మాట జవదాటకూడదనుకుని, సరిగ్గా కొలిచి నాలుగు చెంచాలు పోశాను. పొయ్యిలో మంట లేచి బాణలిలోకి దూకింది. మూత పెట్టి ఆర్పేసరికి నా ఎడమ కనుబొమ్మ సగం పోయింది. ముక్కలు మాత్రం మెరిశాయి. ఇల్లంతా మందు వాసన.

పెద్ద పంతులమ్మగారు ప్రార్థన ముగించి, ముద్ద కలిపి, నోటిదాకా తెచ్చి ఆగారు. ఇదేం వాసన అని అడిగారు. నా సంతకం, నా ఉద్యోగం రెండూ ఆవిడ కంచంలో కనిపించాయి.

మా అత్తగారు మధ్యాహ్నపు మోతాదు కోసం సీసా తీసుకుని గుమ్మం దగ్గర కూర్చుని ఉంది. కాగితం మీది ఆఖరి గీతను బొటనవేలితో తడుముతోంది. మందు దానికి ఎంతో కిందికి దిగి ఉంది. ఆవిడ తలెత్తి నా కనుబొమ్మ వంక చూసింది.

"నా మందేలే అమ్మగారూ. ఆయాసం ఎక్కువై ఇయ్యాల చానా పోసుకున్నా. మా కోడలు ఇంక పావుగంట తిడద్ది."

పెద్ద పంతులమ్మగారు నవ్వి, కోడలు చెప్పినట్టు వినమని ఆవిడకు బుద్ధి చెప్పి, కూర మరో రెండుసార్లు వేయించుకున్నారు. పుట్టిన దగ్గర్నుంచీ మద్యం ముట్టని మనిషికి నేనే వడ్డించాను. జూన్‌లో వంట క్లాసు నాకే ఇచ్చారు.

ఆ రోజు పెద్ద పంతులమ్మగారు వెళ్లాక అత్తగారు గిన్నెలో మిగిలిన ముక్క ఒకటి నోట్లో వేసుకుంది.

"ఏమే, ఇది గోరుచిక్కుడు బెల్లం కూరే గదా. మా అమ్మ వారానికోసారి వండేది. దీనికి నా మందు దేనికే?"

ఆవిడ చెయ్యి చాపింది. పెన్సిలు ఇచ్చేశాను.

ఆనాటి నుంచి గీతలు ఆవిడే గీసుకునేది. చదువు రాదు కాబట్టి తేదీలు ఉండేవి కావు. గీతకూ గీతకూ మధ్య ఎడం నానాటికీ పెరిగింది. ఎంత పెరిగిందో నేను చెప్పలేను. స్కేలు బడిలోనే ఉంచేశాను.